బ్లాక్‌లిస్టులో పడిన సరఫరాదారుకు హైకోర్టు రిట్: ఎంతవరకు పనికొస్తుంది?

ప్రభుత్వ టెండర్ల మీద బతికే సంస్థకు బ్లాక్‌లిస్ట్ ఉత్తర్వు వచ్చిందంటే పోయేది ఆ ఒక్క కాంట్రాక్టు కాదు. ప్రతి టెండరు ఫారంలోనూ గతంలో ఎక్కడైనా బ్లాక్‌లిస్ట్ అయ్యారా అని అడుగుతారు. ఒక శాఖ వేసిన ముద్రను మిగతా శాఖలన్నీ చదువుతాయి, పక్క రాష్ట్రాలూ చదువుతాయి. ఆ ముద్ర చెరిపించుకోవడానికి చాలామంది పట్టే దారి రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద హైకోర్టు రిట్, అంటే ప్రభుత్వ చర్యను నేరుగా హైకోర్టులో సవాలు చేసే పిటిషన్. దీన్ని ఒక సేవగా తీసుకుని, ఫీజూ సమయమూ పెట్టే సరఫరాదారుకు ఏ దశలో ఏం దక్కుతుందో, ఎక్కడ చేయి జారుతుందో ఇక్కడ తూచి చెబుతున్నాం.

మా అభిప్రాయం ముందే చెప్పేస్తాం. నోటీసులో లోపం ఉన్నవాళ్లకు ఇంతకు మించిన దారి లేదు. నిషేధం ఏళ్ల లెక్క మరీ ఎక్కువైందనే వాళ్లకు కూడా బాగానే పనికొస్తుంది. సరుకు నాణ్యత మీదే తగాదా ఉన్నవాళ్లకు మాత్రం ఆశించినంత రాదు. ఈ మూడింటిలో ఏ కోవలోకి వస్తారన్నది కోర్టు మెట్లెక్కాక తేలేది కాదు, షోకాజ్ నోటీసుకు రాసే జవాబులోనే చాలావరకు తేలిపోతుంది. ఆ జవాబును ఆఫీసులో గుమస్తా రెండు పేరాల్లో రాసి పంపేశాక వకీలు దగ్గరికి రావడమే మన దగ్గర ఎక్కువగా జరిగే పొరపాటు.

ఈ దారికి పునాది పడి యాభై ఏళ్లు దాటింది. ఎరూసియన్ ఎక్విప్‌మెంట్ సంస్థ పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం మీద వేసిన కేసులో, పేరు నల్లజాబితాలో పెట్టేముందు ఆ మనిషి మాట వినాల్సిందేనని సుప్రీంకోర్టు 1974లో చెప్పింది. ప్రభుత్వంతో వ్యాపారం చేసి తీరతానని అడిగే హక్కు ఎవరికీ లేకపోయినా, అందరితో సమానంగా పోటీపడే హక్కు ఉంది, దాన్ని చెప్పాపెట్టకుండా తీసేయకూడదు. రూల్సులో నోటీసు మాట లేకపోయినా నోటీసు ఇవ్వాల్సిందేనని రఘునాథ్ ఠాకూర్ కేసు చెప్పింది. ఆ తర్వాత వచ్చిన తీర్పుల్లో ఎక్కువ భాగం ఆ నోటీసు ఎలా ఉండాలన్న దాని మీదే.

కాబట్టి ముందు నోటీసును చేతిలోకి తీసుకుని ఆఖరి పేరా చదవండి. మన శాఖల్లో సాధారణంగా కనిపించే వాక్యం ఇది: "నిర్ణీత గడువులోగా సంజాయిషీ అందని పక్షంలో నిబంధనల ప్రకారం తగు చర్య తీసుకోబడును." తగు చర్య అంటే ఏమిటి? ఈఎండీ (బిడ్‌తో పాటు కట్టిన డిపాజిట్) జప్తా, కాంట్రాక్టు రద్దా, జరిమానా కోతా, బ్లాక్‌లిస్టా? ఆ వాక్యంలో తెలియదు. 2014లో గూర్ఖా సెక్యూరిటీ సర్వీసెస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది సరిగ్గా ఇదే. ఆరోపణ ఏమిటో నోటీసు చెప్పాలి, బ్లాక్‌లిస్ట్ చేయాలనుకుంటున్నామనీ చెప్పాలి, లేదా చదివినవాడికి ఆ సంగతి స్పష్టంగా అర్థమయ్యేలా ఉండాలి. టెండరు పత్రంలో బ్లాక్‌లిస్ట్ క్లాజు ఉంది కదా, వాళ్లకు ముందే తెలుసు కదా అంటే చెల్లదు. ఒకే తప్పుకు నాలుగు రకాల శిక్షలు రాసి ఉన్నప్పుడు, ఏ శిక్ష వేయబోతున్నారో తెలియకుండా ఎవరైనా దేనికని జవాబిస్తారు?

దీనికి మంచి ఉదాహరణ యూఎంసీ టెక్నాలజీస్ కేసు. భారత ఆహార సంస్థకు మధ్యప్రదేశ్‌లో వాచ్‌మన్ పోస్టుల పరీక్ష నిర్వహించే కాంట్రాక్టు అది. 2018 ఏప్రిల్‌లో ప్రశ్నపత్రం లీకైందన్న ఆరోపణ మీద షోకాజ్ ఇచ్చారు. 2019 జనవరి 9న కాంట్రాక్టు రద్దు చేసి, డిపాజిట్ జప్తు చేసి, అయిదేళ్లు బ్లాక్‌లిస్ట్ చేశారు. నోటీసులో టెండరు క్లాజులు వరసగా ఉన్నాయి గానీ బ్లాక్‌లిస్ట్ చేయబోతున్నామన్న మాట లేదు. హైకోర్టు సంస్థ వాదన ఒప్పుకోలేదు. 2020 నవంబరులో సుప్రీంకోర్టు బ్లాక్‌లిస్ట్ భాగాన్ని కొట్టేసింది. ఆరోపణ నిజమా కాదా అన్న జోలికి పోకుండా నోటీసు లోపం ఒక్కదాని మీదే ఆ భాగం పడిపోయింది. కాంట్రాక్టు రద్దు సంగతి మాత్రం వేరు. రెండూ ఒకే కాగితం మీద ఉన్నా కోర్టు వాటిని విడదీసి చూస్తుంది, కాబట్టి రిట్‌లో ప్రార్థన (కోర్టును ఏమిమ్మని కోరుతున్నారన్నది) కూడా విడివిడిగా రాయాలి.

అదే నెలలో వచ్చిన వెట్‌ఇండియా ఫార్మాస్యూటికల్స్ తీర్పు మన మందుల సరఫరాదారులు దగ్గర పెట్టుకోదగ్గది. ఉత్తరప్రదేశ్ పశుసంవర్ధక శాఖ 2009లో ఆ కంపెనీని గడువన్నదే లేకుండా బ్లాక్‌లిస్ట్ చేసింది. కంపెనీ పదేళ్ల తర్వాత కోర్టుకెళ్లింది, ఆలస్యమైందని హైకోర్టు కొట్టేసింది. నోటీసులో బ్లాక్‌లిస్ట్ మాట లేదనీ, గడువు లేని శిక్ష ఆ కంపెనీని ఇంకా కాలుస్తూనే ఉందనీ సుప్రీంకోర్టు ఉత్తర్వును రద్దు చేసింది. దీన్ని చూసి ఆలస్యం ఫరవాలేదనుకోవద్దు. ఆలస్యానికి గట్టి కారణం ఉండి, ఉత్తర్వు మొదటి నుంచీ చెల్లనిదైతేనే ఈ తీర్పు ఆదుకుంటుంది.

జవాబు రాసేటప్పుడు దాన్ని మూడు భాగాలు చేసుకోవాలి. మొదటిది వాస్తవాలు: ఆర్డరు తేదీ, డెలివరీ చలాన్లు, ఇన్‌స్పెక్షన్ నోట్లు, గడువు పొడిగించిన లేఖలు, ఆలస్యానికి ముందే కోసుకున్న జరిమానా. రెండోది, ఇదంతా నిజమనుకున్నా ఇది బ్లాక్‌లిస్ట్ చేసేంత తప్పా అన్నది. మూడోది, చేసినా ఎన్నేళ్లు అన్నది. చాలా జవాబులు మొదటి భాగంతోనే ఆగిపోతాయి. మిగతా రెండూ రాయకపోతే, కోర్టులో శిక్ష ఎక్కువైందన్నప్పుడు ఈ మాట మీరు శాఖకు చెప్పనే లేదు కదా అని ప్రభుత్వ న్యాయవాది లేస్తారు. శాఖ ఏ రిపోర్టు, ఏ ఫిర్యాదు మీద ఆధారపడిందో ఆ కాపీలు కావాలని అందులోనే అడగాలి. వ్యక్తిగత విచారణ కావాలనీ అడగాలి. వ్యక్తిగత విచారణ ప్రతి కేసులోనూ తప్పనిసరి కాదు. 2001 నాటి గ్రోసన్స్ ఫార్మా కేసులో షోకాజ్ ఇచ్చి జవాబు తీసుకుంటే సరిపోతుందన్నారు. కానీ రాతపూర్వకంగా అడిగినా పట్టించుకోలేదంటే న్యాయమూర్తి చూసే తీరు మారుతుంది. గడువు చాలకపోతే ఆ గడువు ముగిసేలోపే పొడిగింపు కోరుతూ ఈమెయిల్‌తో పాటు స్పీడ్ పోస్టు కూడా పంపి, రసీదు దాచుకోవాలి.

మందుల కేసుల్లో ఇంకో మెలిక ఉంది. ప్రభుత్వ వైద్య సేవల కార్పొరేషన్లు సరుకును తమ ప్యానెల్ ల్యాబుల్లో పరీక్ష చేయిస్తాయి. డ్రగ్ ఇన్‌స్పెక్టర్ శాంపిల్ తీస్తే మాత్రం ప్రభుత్వ అనలిస్టు ఫారం 13లో రిపోర్టు ఇస్తారు. ఇవి రెండూ ఒకటి కావు. ఫారం 13 కాపీ అందిన 28 రోజుల్లోగా దాన్ని సవాలు చేస్తామని రాతపూర్వకంగా తెలపకపోతే, డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టం సెక్షన్ 25 ప్రకారం ఆ రిపోర్టే తిరుగులేని సాక్ష్యమవుతుంది. ఈ 28 రోజులు షోకాజ్ గడువుతో సంబంధం లేకుండా నడుస్తాయి, చాలామందికి ఇక్కడే దెబ్బ తగులుతుంది. సరుకు ఏ గోదాములో, ఏ ఉష్ణోగ్రతలో, ఎన్ని నెలలు ఉందో రికార్డు అడగండి. ఆలస్యం వల్ల రెండో పరీక్ష హక్కు చేజారిన సందర్భంలో బ్లాక్‌లిస్ట్ నిలవదని 2020 మెడిపాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఉత్తర్వు వచ్చాక చూడాల్సింది, సంతకం చేసిన అధికారికి ఆ అధికారం ఉందా, ఏళ్లు ఎన్ని, కారణాలు ఉన్నాయా అన్నది. కేంద్ర ప్రభుత్వ శాఖలకైతే జనరల్ ఫైనాన్షియల్ రూల్స్ 2017లో రూల్ 151 ఉంది. అవినీతి నిరోధక చట్టం లాంటి వాటి కింద శిక్ష పడినవాళ్లను మూడేళ్లకు మించకుండా, టెండరు నిబద్ధతా నియమావళి ఉల్లంఘించినవాళ్లను రెండేళ్లకు మించకుండా డిబార్ చేయొచ్చు, అంటే టెండర్ల నుంచి నిషేధించొచ్చు. అంతకు మించి రాశారంటే, ఏ క్లాజు ప్రకారం రాశారో చూపమని అడగడమే మొదటి వాదన. ప్రభుత్వ రంగ సంస్థలకు సొంత విధానాలు ఉంటాయి, రాష్ట్ర శాఖలకు టెండరు షరతులు, జీవోలు ఉంటాయి. అవి తెచ్చుకోకుండా పిటిషన్ రాయకూడదు. మీ జవాబులోని ఒక్క పాయింటైనా ప్రస్తావించకుండా "సంజాయిషీ సంతృప్తికరంగా లేదు" అని ఒక్క వాక్యంతో తేల్చేస్తే అది కారణాలు చెప్పని ఉత్తర్వు. తర్వాత కౌంటరులో (కోర్టులో శాఖ వేసే జవాబులో) కొత్త కారణాలు కలుపుకుంటామంటే మొహిందర్ సింగ్ గిల్ కేసు నాటి సూత్రం అడ్డొస్తుంది: ఉత్తర్వు తనలో ఉన్న కారణాలతోనే నిలబడాలి.

మన రెండు హైకోర్టుల్లో, అమరావతిలోనైనా హైదరాబాద్‌లోనైనా, పిటిషన్ రూపం దాదాపు ఒకటే. అఫిడవిట్, ఆ చర్య చట్టవిరుద్ధమని ప్రకటించమంటూ మాండమస్ (అధికారులకు కోర్టు ఇచ్చే ఆదేశం) కోరే ప్రార్థన, సస్పెన్షన్ కోసం ఐఏ (మధ్యంతర దరఖాస్తు), వకాలత్, మెటీరియల్ పేపర్స్ (జతచేసే పత్రాలు). మెటీరియల్ పేపర్స్‌లో టెండరు పత్రం మొత్తం పెట్టాలి, బ్లాక్‌లిస్ట్ క్లాజు ఉన్న పేజీ ఒక్కటే పెడితే మిగతావి దాచారన్న మాట పడుతుంది. ప్రార్థనలో ఉత్తర్వు రద్దుతో పాటు వెబ్‌సైట్ నుంచి పేరు తీసేయాలనీ, ఏయే శాఖలకు కాపీలు పంపారో వాళ్లందరికీ తెలియజేయాలనీ కూడా అడగాలి. ఇది అడగనివాళ్లు కేసు గెలిచాక ఆఫీసుల చుట్టూ తిరుగుతుంటారు.

ఈ సేవలో అన్నిటికన్నా విలువైనది మధ్యంతర సస్పెన్షన్. అసలు రిట్ తేలేసరికి డిబార్ గడువే అయిపోయే సందర్భాలు తక్కువేమీ కాదు. అందుకే రాబోయే టెండరు ప్రకటన, బిడ్ ముగిసే తేదీతో సహా జతచేయాలి. తేదీ రేపో ఎల్లుండో ఉంటే లంచ్ మోషన్ (అదే రోజు వినమనే అత్యవసర విజ్ఞప్తి) అడగొచ్చు. కానీ ఆ అత్యవసరం మీరు నెల రోజులు కూర్చోవడం వల్ల వచ్చినదైతే దొరకడం కష్టం. పూర్తి సస్పెన్షన్ రాకపోతే, రిట్ ఫలితానికి లోబడి బిడ్ వేయనివ్వాలని ప్రత్యామ్నాయంగా కోరాలి.

స్టే వచ్చాక జరిగే పొరపాటు మాత్రం పెద్దది. కేంద్ర ఆర్థిక శాఖ వ్యయ విభాగం 2021 నవంబరు 2న ఇచ్చిన డిబార్‌మెంట్ మార్గదర్శకాల ప్రకారం టెండరు తెరిచే రోజునా, కాంట్రాక్టు ఇచ్చే రోజునా, రెండు రోజుల్లోనూ బిడ్డరు డిబార్ అయి ఉండకూడదు. నాలుగు వారాల స్టే తెచ్చుకుని టెక్నికల్ బిడ్ తెరిపించుకుంటారు. ప్రైస్ బిడ్, మూల్యాంకనం, ఆమోదం అంటూ రెండు నెలలు గడుస్తాయి. మధ్యలో స్టే ముగిసిపోతుంది, పొడిగించుకోవడం ఎవరికీ గుర్తుండదు. ఎల్‌వన్‌గా (అతి తక్కువ ధర బిడ్డరుగా) నిలిచిన సంస్థ ఆర్డరు పోగొట్టుకోవడానికి ఇది చాలు. స్టే కాపీ మీద గడువు తేదీని ఎర్ర సిరాతో రాసి, దానికి పది రోజుల ముందే పొడిగింపు ఐఏ వేయించాలి.

ఫారంలో బ్లాక్‌లిస్ట్ ప్రశ్నకు స్టే ఉంది కదా అని "లేదు" అని టిక్ పెట్టకండి. స్టే అంటే ఉత్తర్వు అమలు ఆగడమే గానీ అది లేకుండా పోవడం కాదని శ్రీ చాముండి మోపెడ్స్ కేసులో సుప్రీంకోర్టు 1992లోనే చెప్పింది. ఉత్తర్వు నంబరు, తేదీ, రిట్ నంబరు, సస్పెన్షన్ తేదీ రాసి కాపీ జతచేయండి. దాచారని తేలితే అది రెండో బ్లాక్‌లిస్టుకు దారి తీస్తుంది, అప్పుడు ఏ కోర్టూ జాలి చూపదు. ఉత్తర్వు ఇంకా రాకుండా షోకాజ్ మాత్రమే ఉన్నవాళ్ల పరిస్థితి వేరు. ఫారం ఏం అడిగిందో పదం పదం చదవాలి. 2019 కేర్‌టెల్ ఇన్ఫోటెక్ కేసులో ఫారం అడిగింది బ్లాక్‌లిస్ట్ అయ్యారా అని మాత్రమే, నోటీసు పెండింగులో ఉందా అని కాదు. అందుకని నోటీసు సంగతి రాయకపోవడాన్ని సుప్రీంకోర్టు తప్పుగా తీసుకోలేదు. పెండింగు నోటీసులు కూడా రాయమని అడిగే ఫారాలూ ఉన్నాయి, అక్కడ రాసి తీరాలి.

శిక్ష మోతాదు మీద కోర్టులు ఎలా చూస్తాయో తెలియాలంటే తీర్పులను పక్కపక్కన పెట్టాలి. కుల్జా ఇండస్ట్రీస్ కేసులో బీఎస్‌ఎన్‌ఎల్ వేసిన శాశ్వత నిషేధాన్ని 2013లో పక్కనపెట్టి, ఎన్నేళ్లో తప్పు తీవ్రతను బట్టి నిర్ణయించమని తిరిగి పంపారు. 2017లో భువనేశ్వర్‌లో కడుతున్న ఫ్లైఓవర్ కూలి ఒకరు చనిపోయారు. ఆ కాంట్రాక్టరు బ్లాక్‌లిస్టును ఒరిస్సా హైకోర్టు కొట్టేసినా, సుప్రీంకోర్టు 2022లో నిలబెట్టింది, శాశ్వతాన్ని మాత్రం అయిదేళ్లకు తగ్గించింది. ఇది మాకు సరైన తీర్పుగానే కనిపిస్తుంది, ప్రాణం పోయినచోట సాంకేతిక లోపాల బేరం కుదరదు. అదే కోల్‌కతా మున్సిపల్ కార్పొరేషన్ ఒక హోర్డింగుల సంస్థను అయిదేళ్లు డిబార్ చేస్తే, ఇది మామూలు కాంట్రాక్టు తగాదా, దీనికింత కఠిన శిక్షా అని సుప్రీంకోర్టు 2024లో బ్లూ డ్రీమ్జ్ కేసులో పక్కనపెట్టింది. చత్తీస్‌గఢ్ పాఠ్యపుస్తకాల ముద్రణ ఆలస్యం కేసులో 2025లో షోకాజ్ దశలోనే జోక్యం చేసుకుంది. మామూలుగా నోటీసు దశలో రిట్ వేస్తే ముందు జవాబివ్వండని పంపేస్తారు, కాబట్టి ఈ తీర్పును చూసుకుని నోటీసు రాగానే కోర్టుకు పరిగెత్తడం మంచిది కాదు.

ఇక ఈ దారి ఎక్కడ మొరాయిస్తుందో కూడా చెప్పాలి. తూకం తగ్గిందా, సిమెంటు గ్రేడు సరిపోయిందా, శాంపిల్ ఎవరి ముందు తీశారు అన్న తగాదాలను రిట్‌లో తేల్చరు. అగ్రిమెంటులో ఆర్బిట్రేషన్ (మధ్యవర్తిత్వం) క్లాజు ఉంటే అటు పంపుతారు. బ్లాక్‌లిస్ట్ ఆర్టికల్ 14 (సమానత్వ హక్కు) కిందికొచ్చే సంగతనీ, డబ్బు లెక్కలు వేరనీ పిటిషన్ మొదటి పేజీలోనే విడదీసి చెబితే ఈ అభ్యంతరం కొంత తగ్గుతుంది. రెండో చిక్కు ఏ హైకోర్టుకు వెళ్లాలన్నది. హైదరాబాద్ కంపెనీని లక్నోలోనో ఢిల్లీలోనో డిబార్ చేస్తే, ఉత్తర్వు పోస్టులో ఇక్కడికొచ్చిందన్న ఒక్క కారణం చాలదని కోర్టులు చాలాసార్లు అన్నాయి. సరుకు ఇక్కడ తనిఖీ అయిందనో, ఆ జాబితా చూసి ఇక్కడి శాఖ బిడ్ తిప్పికొట్టిందనో చూపగలిగితేనే ఇక్కడ వేయాలి. లేకపోతే ఆర్నెల్లు ఇక్కడ నడిపి మళ్లీ అక్కడ మొదలుపెట్టాల్సి వస్తుంది.

సివిల్ దావా సంగతి రెండు మాటల్లో అయిపోతుంది: ప్రభుత్వం మీద వేయాలంటే సాధారణంగా సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 కింద రెండు నెలల ముందు నోటీసు, అప్పటికి టెండర్లు దాటిపోతాయి. శాఖలోనే పైఅధికారికి అప్పీలు ఉంటే అది వేసి, దానితో పాటు సస్పెన్షన్ కోరుతూ ఒక లేఖ ఇవ్వడం తప్పదు, లేకపోతే ఉన్న దారి వాడలేదన్న అభ్యంతరం వస్తుంది.

గెలుపు ఎలా ఉంటుందో కూడా ముందే తెలుసుకోవాలి. నోటీసు లోపం మీద కొట్టేసిన చాలా ఉత్తర్వుల చివర చట్టప్రకారం కొత్తగా చర్య తీసుకునే స్వేచ్ఛ శాఖకు ఇస్తున్నామని ఉంటుంది. అంటే రెండో నోటీసు వస్తుంది, ఈసారి లోపం లేకుండా. అందుకే వాదనలోనే, ఇప్పటికే నలిగిన నెలలను కొత్త గడువులో మినహాయించాలని కోరండి. తొలి జవాబులో ఆ రెండో, మూడో భాగాలు రాసి ఉంటే ఇక్కడ మళ్లీ ఆదుకుంటాయి.

ఉత్తర్వు రద్దయిన రోజే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టి, అది చేతికి రాగానే కవరింగ్ లెటరుతో శాఖకు, పోర్టల్ నిర్వాహకులకు, పాత ఉత్తర్వు కాపీ వెళ్లిన ప్రతి కార్యాలయానికీ పంపాలి. పేరు తీయకపోతే ధిక్కార పిటిషన్‌కు ఏడాది గడువుంది. కేసు తేలకముందే డిబార్ గడువు ముగిసిందా, 2021 మార్గదర్శకాల ప్రకారం అది దానంతటదే తీరిపోయినట్టే, విడిగా రద్దు లేఖ అక్కర్లేదు. అయినా బిడ్‌లో పాత ఉత్తర్వు కాపీ, ఆ మార్గదర్శకాల కాపీ రెండూ జతచేసి పంపండి. టెండరు కమిటీలో ఫైలు చూసే గుమస్తాకు ఆ సంగతి తెలిసి ఉంటుందని అనుకోవద్దు.